స్కూల్లో అమ్మ వేరు

2 డిసెంబర్ 1994

తేలిపోయింది. చేతన్ స్కూలు ఇంటర్వ్యూకు నేను వెళ్ళడం లేదు.

నా కొడుకు. ఎల్‌కేజీ సీటు. ఆ కాన్వెంటులో పిల్లలను అడిగేది రంగులూ పళ్ళ పేర్లూ మాత్రమేనట. అసలు పరీక్ష తల్లిదండ్రులకు, అదీ ఇంగ్లీషులో. ఈయన గుండీల అంగడికి వచ్చే దర్జీలు ఒక్కొక్కరే చెప్పి పోయారు... తల్లికి ఇంగ్లీషు రాకపోతే టీ కూడా తాగనివ్వకుండా పంపేస్తారని.

"నువ్వు నోరు తెరిస్తే సీటు పోతాది" అన్నారు ఈయన. కోపం లేదు. డజను గుండీలకు రేటు చెప్పినట్టు చెప్పారు.

ఈయనకు వచ్చిన ఇంగ్లీషు ఎస్, నో, ఫిక్స్‌డ్ రేట్. ఆ సంగతి ఎవరూ ఎత్తలేదు. నేనూ ఎత్తలేదు.

4 డిసెంబర్

రాజి వెళ్తుందట. తల్లిగా. లలిత అని నా పేరు చెప్పుకుని.

రాజి నా చెల్లెలు. మా ఇంట్లోనే ఉంటూ టైపిస్టు ఉద్యోగానికి పోతోంది. మడకశిరలో నేను పదో తరగతితో ఆగాను, తెలుగు మీడియం. అది ఇక్కడ, ఈ కన్నడ ఊళ్ళో, మేనమామ ఇంట్లో ఉండి డిగ్రీ చదివింది. దాని వంతు వచ్చేసరికి మా నాన్నకు బుద్ధి వచ్చింది, అంతే తేడా.

అత్త అంతా విని ఒకే మాట అడిగింది. "పెండ్లికాని పిల్ల, బోసి మెడ వేసుకోని తల్లినని ఎట్ల చెప్తాదప్పా?"

అది న్యాయమైన ప్రశ్నే. మిగతావి ఎవరికీ తోచలేదు.

5 డిసెంబర్

పక్క ఫ్యాన్సీ అంగడి నుంచి రోల్డ్‌గోల్డ్ నల్లపూసల దండ తెచ్చారు ఈయన. నొక్కితే అతుక్కునే మెట్టెలు కూడా, నాటకాల వాళ్ళు కొనేవి. రాజి నా గంధం రంగు పట్టుచీర కట్టుకుని అద్దం ముందు నిలబడింది.

"అక్కా, బావ పక్కన కూర్చుంటే నాకు నవ్వొస్తాది."

"నవ్వితే ఫీజు డబుల్ చేస్తారంట" అన్నారు ఈయన. అందరం నవ్వాం. నేనూ నవ్వాను. దానికి చీర బాగుంది, ఆ మాట కూడా అన్నాను.

నళిని గుమ్మంలో నిలబడి చూస్తోంది. నా పెద్దది, ఒకటో తరగతి, కార్పొరేషన్ స్కూలు.

"పిన్నికి పెండ్లా?"

"కాదు. తమ్ముడికి సీటు."

6 డిసెంబర్

రాజిని కూర్చోబెట్టి చెప్పాను. చేతన్ ఏం తింటాడు, ఏది తీసి పక్కన పెడతాడు. తట్టు ఎప్పుడు పోసింది. దేనికి భయపడతాడు — మిక్సీకి, గంగిరెద్దుకు. ఏ పక్కకు తిరిగి పడుకుంటే నిద్ర పడుతుంది. అది షార్ట్‌హ్యాండులో రాసుకుంది.

9 డిసెంబర్

సీటు వచ్చింది.

అన్నీ అడిగారట. తిండి, నిద్ర, భయాలు. అన్నీ సరిగ్గా చెప్పిందట. ఈయన పక్కన కూర్చుని ఎస్ అన్నారట, రెండు చోట్ల. హెడ్‌మిస్ట్రెస్ సిస్టర్ చాలా సంతోషించి, పిల్లవాడి గురించి ఇంత తెలిసిన తల్లి ఈ మధ్య ఎవరూ రాలేదు అన్నారట.

రాజి ఆ మాట నాకు తెలుగులో చెప్పింది. నాకే చెందిన మెప్పు, చుట్టు తిరిగి వచ్చింది.

ఈయన ధార్వాడ పేడా తెచ్చారు. వీధి అంతా పంచాం. నళినిని చేర్పించిన రోజు గుర్తొచ్చింది. నేనే తీసుకెళ్ళాను. టీచరమ్మ పేరు రాసుకుని, పలక తెచ్చావా అంది. అయిపోయింది. ఇంటికొచ్చి ముద్దపప్పు చేశాను. ఆ రోజు మిఠాయి తెచ్చినట్టు జ్ఞాపకం లేదు.

11 జనవరి 1995

కొత్త డైరీ. దారాల కంపెనీ వాళ్ళు అంగడికి ఇచ్చింది. పాలవాడి లెక్క రాయమని ఇచ్చారు ఈయన. పాలవాడి లెక్క గోడ మీద రాస్తున్నాను.

5 జూన్

స్కూలు తెరిచారు. చేతన్‌కు నల్ల బూట్లు, శనివారానికి తెల్ల బూట్లు, టై, బెల్టు, డబ్బాలో డబ్బా ఇమిడే టిఫిన్ క్యారియర్. నళిని అన్నీ ఒక్కొక్కటి ముట్టుకుని చూసింది. బెల్టు వాసన చూసింది.

ఆటో పెట్టాలనుకున్నారు, మళ్ళీ వద్దన్నారు. నళిని ఉంది కదా. చేయి పట్టుకుని వాడిని కాన్వెంటు గేటు దగ్గర వదిలి, అక్కడి నుంచి తన స్కూలుకు పోతుంది. రెండూ ఒక దిక్కు కాదు.

8 జూన్

వాడికి నేర్పుతున్నాం. స్కూల్లో పిన్ని — మమ్మీ. స్కూల్లో నేను — ఆంటీ. ఇంటికొస్తే మళ్ళీ మామూలే.

"గేటు దగ్గర?" అడిగాడు.

గేటు బయట అమ్మ, గేటు లోపల ఆంటీ అన్నారు ఈయన. వాడికి ఆట లాగా ఉంది. నళిని గీత గీసి చూపించింది, ఇది గేటు అని. అటు దూకి ఆంటీ, ఇటు దూకి అమ్మ. సాయంత్రమంతా దూకారు.

నేను కూలికి చీర కొంగులకు కుచ్చులు కడుతూ చూశాను. పెళ్ళిళ్ళ కాలం, ఆర్డర్లు ఎక్కువ.

30 జూన్

నళిని రోజూ ఆలస్యమవుతోందట. వాళ్ళ టీచరమ్మ మొదటి పీరియడ్ బయట నిలబెడుతోంది. మొదటి పీరియడ్ లెక్కలు. కిటికీ దగ్గర నిలబడితే బోర్డు కనిపిస్తుందిలే అంది.

ఈయనతో చెప్పాను. "ఇంకొంచెం ముందు బయలుదేరమను." కాన్వెంటు గేటు ముందు తెరవరు కదా అన్నాను. "అయితే ఏమి చేసేది?" అన్నారు. అది ప్రశ్న కాదు, మాట ముగించడం.

22 సెప్టెంబర్

తల్లిదండ్రుల మీటింగు. రాజి ఆఫీసుకు సగం రోజు సెలవు పెట్టి వెళ్ళింది. దండ మేకు మీద నుంచి తీసి వేసుకుంది, వచ్చాక మళ్ళీ మేకుకు తగిలించింది. అంగడికి తిరిగి ఇచ్చేద్దామనుకున్నారు కానీ, పనికొస్తూనే ఉంది. అత్త దానికి స్కూలు తాళి అని పేరు పెట్టింది.

వాడు తరగతిలో బాగా చదువుతున్నాడట. ఇంటి దగ్గర ఎవరు చదివిస్తారని అడిగారట. నేనే అని చెప్పాను అంది రాజి.

చదివించేది నళిని. వాడి పుస్తకం ముందు పెట్టుకుని ఏ ఫర్ యాపిల్ అంటూ వాడికి చెప్తూ తానూ నేర్చుకుంటోంది. వాడు ఆటలో పడ్డా ఇది ఆపదు.

17 ఫిబ్రవరి 1996

చేతన్ స్కూలు వార్షికోత్సవం. రాజీ ఈయనా ముందు వరుసలో. నేనూ నళినీ వెనక, నీళ్ళ డ్రమ్ము పక్కన. చేతన్ పొద్దుతిరుగుడు పువ్వు. చుట్టూ పసుపు అట్టలు, మధ్యలో వాడి మొహం. స్టేజీ మీద తిరగాల్సిన వైపు కాకుండా ఇంకోవైపు తిరిగాడు. అందరూ నవ్వారు, వాడూ నవ్వాడు.

అయ్యాక వాడు దోస్తులతో పరుగెత్తుకుంటూ వచ్చాడు. నా చీర పట్టుకోబోయి ఆగాడు. చుట్టూ చూశాడు. "ఆంటీ, నీళ్ళు."

ఇచ్చాను. బాగా నేర్పాం.

ఏడుపు వచ్చింది. నీళ్ళ డ్రమ్ము దగ్గరే ఉన్నాను కాబట్టి మొహం కడుక్కోవడం తేలికైంది.

18 ఫిబ్రవరి

నిన్నటిది చదివాను. కొట్టేయాలనిపించింది. ఉండనీ.

3 జులై

వాన. చేతన్‌కు కొత్త రెయిన్‌కోటు, బాతు బొమ్మ ఉంది. నళినికి లేసు కట్టలు వచ్చే ప్లాస్టిక్ కవరు చించి టోపీలా చేసి ఇచ్చారు ఈయన. చక్కగా చేశారు, చేతి పని బాగా వచ్చు. అది కూడా మురిసిపోయింది. ఇద్దరూ బయలుదేరారు.

చాలాసేపు గుమ్మంలోనే నిలబడ్డాను. ఏదో అనాలి అనిపించింది కానీ ఎవరిని అనాలో తెలియలేదు.

14 అక్టోబర్

కుళాయి నీళ్ళు రాలేదు. అత్తకు మోకాళ్ళ నొప్పి.

6 జూన్ 1997

చేతన్ ఒకటో తరగతి. నళిని నాలుగు. వాళ్ళ టీచరమ్మ దారిలో కలిసింది. "మీ పాప లెక్కల్లో మాకే దిద్దుతుంది. మా స్కూలు నాలుగు దాకానే, అయ్యాక ఏం చేస్తారు?" అంది కన్నడలో.

ఏం చేస్తామో నాకు తెలియదు. ఇంట్లో ఎప్పుడూ ఆ మాట రాలేదు. చేతన్ పదో తరగతి తర్వాత ఏ గ్రూపు తీసుకోవాలో కూడా మాటల్లో వచ్చింది.

19 నవంబర్

స్కూలు నుంచి పిలుపు. చేతన్ తల్లిని రమ్మని. ఏం చేశాడో వాడు.

20 నవంబర్

వాడేం చేయలేదు. చేసింది నళిని.

సాయంత్రం తమ్ముడి కోసం కాచుకుని, ఖాళీ క్లాసు బోర్డు మీద ఐదో తరగతి లెక్కలు చేస్తోందట. అక్కడ టీచరు రాసి వదిలేసినవి. సిస్టర్ వెనక నుంచి చూశారట. ఎవరమ్మా నువ్వు? చేతన్ అక్కను. ఏ స్కూలు? చెప్పింది. మరి ఇక్కడ ఎందుకు చదవడం లేదు?

"మా ఇంట్లో తమ్ముడు చదువుతాడు" అందట. అది దానికి జవాబే. ఎవరి మీదా చాడీ కాదు.

రాజికి చీవాట్లు. అంతా ఇంగ్లీషులో, నిలబెట్టి. ఎలాంటి తల్లివి నువ్వు? అదే కడుపున పుట్టిన ఇద్దరిలో ఒకరికి ఇక్కడ, ఒకరికి అక్కడా? పిల్లకు చెప్పులు చూశావా? ఆడదానివై ఉండి... రాజి ఇంటికొచ్చి నా ముందు కూర్చుని ఏడ్చింది.

"నాకెందుకక్కా ఆ తిట్లు?"

నిజమే. అవి నావి. నాకూ ఈయనకూ రావలసినవి. మెప్పు నాకు చేరింది గానీ తిట్లు దాని దగ్గరే ఆగిపోయాయి.

కానీ సిస్టర్ ఇంకొక మాట అన్నారు. ఐదో తరగతికి నళినిని తీసుకుంటారట. ఇక్కడ చదివే పిల్లవాడి అక్క కాబట్టి సీటుకు అడ్డం లేదు, ఫీజు సగం. మార్చిలో చిన్న పరీక్ష, తల్లి వచ్చి సంతకం. అంతే.

ఈ పేజీ మీద మళ్ళీ రాస్తున్నాను. నళినిని తీసుకుంటారు.

21 నవంబర్

"సగమైనా ఫీజే కదప్పా" అన్నారు ఈయన.

కుచ్చుల డబ్బు ఉంది అన్నాను. అది ఇంట్లోకి వాడేది అన్నారు. ఇదీ ఇంట్లోనే పుట్టింది అన్నాను.

అత్త: "ఆడబిడ్డకు ఇంగ్లీషు ఏమిటికి? ఇప్పుడు చదువుతానే ఉండాది కదా." నళిని ముందే అంది. అది బియ్యంలో రాళ్ళు ఏరుతోంది, ఏరుతూనే ఉంది.

"చూద్దాం" అన్నారు ఈయన. ఈయన చూద్దాం అంటే ఏమిటో పెళ్ళైన కొత్తలోనే తెలుసుకున్నాను.

29 నవంబర్

చేతన్‌ను కీబోర్డు క్లాసులో చేర్పించారు. తరగతిలో అందరూ నేర్చుకుంటున్నారట.

ఇది ఇక్కడ రాసి పెడుతున్నాను. ఇంకేం అనను.

15 డిసెంబర్

అన్నాను. గొంతు పెంచి అన్నాను. పొరుగింటి వాళ్ళు టీవీ తగ్గించారు. కీబోర్డుకు చూద్దాం అనలేదే మీరు అన్నాను. ఈయన తెల్లబోయి చూశారు. నిజంగానే ఆ రెండూ పక్కపక్కన పెట్టి చూడలేదు ఆయన. వాడిది ఖర్చు కాదు. వాడికి పెట్టేది పెట్టేది, అంతే. దీనిది ఖర్చు.

"సరే, సుమ్నె ఉండు ఇంక, అరవద్దు. మార్చిలో రాజి తీసుకోని పోతాదిలే" అన్నారు.

ఒప్పుకున్నట్టే.

12 జనవరి 1998

రాజికి సంబంధం కుదిరింది. దేవనహళ్ళి. పోస్టాఫీసు ఉద్యోగం, నెమ్మదైన మనిషి. ఫిబ్రవరిలోనే ముహూర్తం.

రాజి మేకు మీది దండ తీసి నా చేతిలో పెట్టింది. "నాకు నిజంది వస్తా ఉండాదక్కా. ఇది నువ్వు వేసుకో ఇంక." నవ్వింది. తర్వాత ఇద్దరికీ ఒకేసారి తట్టింది. మార్చి.

22 ఫిబ్రవరి

పెళ్ళి అయిపోయింది. ఇల్లు బోసిగా ఉంది. దాని టైపు పుస్తకాలు నళిని తీసుకుంది.

4 మార్చి

ఎదురింటి ఫోనుకు రాజి పిలిచింది. భర్తతో చెప్పిందట, అక్క కూతురి సీటు కోసం ఒక్క పూట పోయి వస్తానని. బావ భార్యగా కూర్చోవాలని కూడా చెప్పింది, దాచలేదు.

"మొదట నవ్వినాడక్కా. తర్వాత నవ్వలేదు."

వద్దన్నాడు. తప్పు పట్టలేను. ఏ మొగుడు ఒప్పుకుంటాడు?

5 మార్చి

"ఇంకేమి, అయిపోయింది" అన్నారు ఈయన. అన్నప్పుడు కొంచెం తేలికపడ్డట్టు కనిపించారు. నా కంటికి అలా కనిపించిందేమో.

నేను వెళ్తాను అన్నాను.

"నువ్వు పోయి ఎవరని చెప్తావు? లలితనని చెప్తే, మరి మూడేండ్లుగా వచ్చిన లలిత ఎవరంటారు. వాడి సీటుకే ఎసరు వస్తాది. రెండూ పోతాయి. దాని కోసం వాడిది పోగొట్టల్లనా?"

 దీని కోసం వాడిది వద్దు. వాడి కోసం దీనిది ఇన్నేళ్ళూ పోతోంది, దానికి ఎవరూ ప్రశ్న వేయలేదు.

10 మార్చి

నళిని పరీక్ష రాసేసింది. ఎవరినీ అడగలేదు. తమ్ముడిని దింపడానికి వెళ్ళి, సిస్టర్ దగ్గరికి పోయి నేను రాస్తాను అందట. వరండాలో కూర్చోబెట్టి పేపరిచ్చారు. లెక్కల్లో ఒక్క తప్పూ లేదట. ఇంగ్లీషు తక్కువ, అయినా చాలు అన్నారట.

"అమ్మను తీసుకురా అన్నారు" అంది.

చేతిలో కుచ్చు ముడి వేస్తున్నాను. వేస్తూనే ఉన్నాను.

"ఏ అమ్మను తీసుకుపోవాలి?" అని అడిగింది. వెటకారం కాదు. దానికి నిజంగా తెలియదు.

13 మార్చి

రేపు వెళ్తున్నాను. ఈయనకు చెప్పలేదు.

14 మార్చి

వెళ్ళాను.

గంధం రంగు చీరే కట్టుకున్నాను. నా తాళి, నా మెట్టెలు. నళినికి రెండు జడలు వేసి రిబ్బన్లు కట్టాను. గేటు లోపలికి అడుగుపెట్టాక అది నా చేయి వదిలేసింది. అలవాటు.

సిస్టర్ తల పైకెత్తి, "నీవు యారు?" అని నేనెవరో అడిగారు. మంచి మనిషి మొహమే.

నళిని తల్లిని అన్నాను. నాది బజారు కన్నడ.

నళిని తల్లి నాకు తెలుసు కదా అన్నారు.

అంతా చెప్పాను. కూర్చోమనక ముందే మొదలుపెట్టాను, నిలబడే ముగించాను. ఇంగ్లీషు రాదని, సీటు రాదని భయపడ్డామని, వచ్చింది నా చెల్లెలని. ఆమె చేతులు కట్టుకుని విన్నారు. పూర్తయ్యాక ఆమె కళ్ళలో కోపం లేదు. జాలి ఉంది. ఎందుకో అర్థం కాలేదు అప్పుడు.

ప్యూనును పంపి చేతన్‌ను పిలిపించారు. వాడు చేతుల సుద్ద నిక్కరుకు తుడుచుకుంటూ వచ్చాడు. నన్ను చూశాడు. కళ్ళు మెరిశాయి, నోరు తెరవబోయి, ఆగాడు. ఎక్కడున్నాడో గుర్తు చేసుకున్నాడు.

ఎవరు వీరు — ఇంగ్లీషులో అడిగారు సిస్టర్. ఆ మాత్రం నాకూ అర్థమైంది.

వాడు నా మొహం చూశాడు. ఏం చెప్పమంటావని. నేను నోరు విప్పేలోపు వాడే చెప్పేశాడు. నిటారుగా నిలబడి, పాఠం అప్పజెప్పినట్టు.

"మై ఆంటీ, సిస్టర్."

"కాదు, అమ్మ" అంది నళిని. "మా ఇద్దరికీ అమ్మ."

వాడు భయపడి అక్కను చూశాడు. అక్క ఆట మరిచిపోయి తప్పు చెప్తోందనుకున్నాడు. మళ్ళీ అన్నాడు, ఇంకా గట్టిగా. ఆంటీ.

సిస్టర్ వాడి తల నిమిరి క్లాసుకు పంపేశారు. తర్వాత నాతో నెమ్మదిగా మాట్లాడారు, నాకు అర్థమయ్యే కన్నడలో. చిన్నపిల్లలు అబద్ధం చెప్పరమ్మా. నువ్వు నళిని తల్లివైతే కావచ్చు. అప్పుడు నళిని చేతన్‌కు అక్క కాదు, పెద్దమ్మ కూతురు. నేనిచ్చిన సీటు అక్కకు. నీ పిల్ల మంచి పిల్ల, నీ ఆశ నాకు తెలుస్తోంది. కానీ అలా ఇవ్వలేను.

ఆమెకు అలా అర్థమైంది. నా చెల్లెలి కొడుకు పేరు చెప్పుకుని నా కూతురికి సీటు కోసం వచ్చాననుకున్నారు. నన్ను దొంగ అనుకున్నారు, మర్యాదగా.

చేతన్ తండ్రిని అడగండి అన్నాను. అదొక్కటే మిగిలింది.

సరే, ఆయన వచ్చి నా ముందు చెప్తే నమ్ముతాను అన్నారు. ఈ నెలాఖరు దాకా సీటు ఉంచుతానన్నారు.

గేటు బయటికి రాగానే నళిని చేయి పట్టుకుంది.

14 మార్చి, సాయంత్రం

చేతన్ వచ్చి నా పక్కన నిలబడ్డాడు. బూట్లు విప్పలేదు.

"తప్పు చెప్పినానా?"

లేదు, నేర్పినట్టే చెప్పావు అన్నాను. ఒళ్ళో కూర్చోబెట్టుకుని బూట్లు విప్పాను. వాడికి రవ్వ వేయించి ఉప్పిట్టు చేశాను. నళిని వాడితో మాట్లాడలేదు.

15 మార్చి

ఈయనకు చెప్పాను. అరుస్తారనుకున్నాను. అరవలేదు. అంగడికి పోలేదు చాలాసేపు.

"నేను పోయి చెప్తే వాడిని తీసేస్తారు."

"తీసేస్తానని ఆమె అనలేదు."

"తీసెయ్యనని అనిందా?"

అనలేదు.

"నీకు వాడి మీద ప్రేమ లేదా?" అన్నారు. ఆ మాటకు ఒళ్ళు మండింది. వాడి ఇంటర్వ్యూకు షార్ట్‌హ్యాండులో రాయించింది ఎవరు? కానీ అది అనలేదు. వేరేది అన్నాను, ఎన్నాళ్ళ నుంచి లోపల ఉందో నాకే తెలియదు.

"ఆ రోజు ఆ గదిలో కూర్చుని రాజిని నా భార్య అని చెప్పారు మీరు. ఇప్పుడు అదే గదిలో నన్ను చెప్పండి. అంతే అడుగుతున్నాను."

ఈయన తల దించుకున్నారు. అత్త లోపలి నుంచి ఏదో అనబోయి దగ్గింది.

16 మార్చి

నళిని తమ్ముడి చేయి పట్టుకుని స్కూలుకు బయలుదేరింది. మాట లేదు, చేయి మాత్రం పట్టుకుంది.

20 మార్చి

ఈయన ఏమీ చెప్పలేదు.

24 మార్చి

ఏమీ చెప్పలేదు. కీబోర్డు క్లాసు వాళ్ళు ఈ నెల ఫీజు అడిగారు. ఇంకా కట్టలేదని తెలిసింది. మరిచిపోయారో, ఆపారో.

27 మార్చి

అత్త ఈ రోజు నన్ను చూడకుండా అంది. "నా కొడుకు చిన్నప్పుడు కూడా అంతే. చెప్పల్లంటే నాలుగు దినాలు తిరుగుతాడు."

చెప్తాడనా, చెప్పడనా? అడిగితే, నాకేమి తెలుసమ్మా అంది. రాగిముద్ద తింటూ.

31 మార్చి

పొద్దున. సీటుకు గడువు ఈ రోజే. ఈయన నీళ్ళు పోసుకుంటున్నారు.

నిన్న ఇస్త్రీకి ఇచ్చిన తెల్లచొక్కా తెచ్చి కుర్చీ మీద పెట్టాను, పెళ్ళిళ్ళకు వేసుకునేది. అంగడికి వేసుకునే గళ్ళ చొక్కా కూడా పక్కనే పెట్టాను. ఏది వేసుకుంటారో అడగలేదు. రాత్రి, స్కూలుకు వస్తారా అని అడిగితే పొద్దున చూద్దాం అన్నారు.

నళిని గుమ్మంలో కూర్చుంది. జడలు వేసుకుంది, తానే వేసుకుంది, పాపిడి వంకర. చేతన్‌కు టై కడుతోంది. వాడికి ఈ రోజు ఆఖరి పరీక్ష, డ్రాయింగు. వాడు అక్కను అడుగుతున్నాడు, ఈ రోజు అమ్మ లోపలికి వస్తే ఏమని పిలవాలని.

"అమ్మా అనే పిలువు" అంటోంది నళిని. మళ్ళీ నా వైపు తిరిగింది. "కదా?"

నాన్నను అడుగు అన్నాను.

నీళ్ళ చప్పుడు ఆగింది. ఇద్దరూ స్నానాల గది తలుపు వైపు చూస్తూ కూర్చున్నారు...